హైకోర్టు చెప్పినా కాదన్నారా? ముందు ఆదేశం చదివించుకోండి

అర్జీ పెట్టి ఏడాదైంది. తాలూకాఫీసు చుట్టూ తిరిగి చెప్పులరిగాయి గానీ కాగితం కదల్లేదు. లాభం లేదని హైకోర్టుకెళ్లారు. ‘ఎనిమిది వారాల్లోగా పరిశీలించి నిర్ణయం తీసుకోండి’ అని కోర్టు ఆదేశించింది. ఇంట్లో పండగే. ఏడో వారంలో రిజిస్టర్డ్‌ పోస్టు వచ్చింది. విప్పి చూస్తే... ‘మీ దరఖాస్తును తిరస్కరించడమైనది’!

కోర్టు చెప్పినా ఇవ్వరా, ధిక్కరణ కేసు పెట్టి జైలుకు పంపిస్తాం అని ఆవేశం రావడం సహజం. హోసూరులో పట్టా పేరు మార్పయినా, బళ్లారిలో కుల ధ్రువపత్రమైనా ఇదే వరస. కానీ ఇలాంటి కేసులు చాలావరకు నిలవవు.

గెలిచిందేమిటి?

కోర్టు ‘పరిశీలించండి’ అంది. ‘ఇవ్వండి’ అనలేదు. అధికారి పరిశీలించాడు, కాదన్నాడు. లెక్క ప్రకారం ఆదేశం అమలైనట్టే! సీనియారిటీ జాబితాకు సంబంధించిన జె.ఎస్‌.పరిహార్‌ కేసులో 1996లో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చేసింది. ఆదేశం మేరకు ఒక నిర్ణయం వెలువడ్డాక అది తప్పో ఒప్పో ధిక్కరణ కేసులో చూడరు. అది కొత్త వివాదం. దాన్ని విడిగా సవాలు చేసుకోవాల్సిందే.

‘పరిశీలించండి’ అన్న మాటలోనూ తేడా ఉంది. 2006లో ఏపీఎస్‌ఆర్టీసీ కేసులో సుప్రీంకోర్టు దీన్ని విడమరిచి చెప్పింది. కోర్టు మంచిచెడ్డల జోలికి పోకుండా ఆ మాటంటే నిర్ణయం అధికారిదే. పాత తిరస్కరణ తప్పని కొట్టేసి, తాను తేల్చిన అంశాల వెలుగులో మళ్లీ చూడమంటే మాత్రం అధికారి ఆ గీత దాటకూడదు.

అసలు ‘పరిశీలించండి’ ఆదేశానికి ప్రభుత్వ లాయరు కూడా పెద్దగా అడ్డు చెప్పడు. పోయేదేముంది? కేసు ఒక్కపూటలో ముగుస్తుంది. కక్షిదారుకు మాత్రం గెలిచానన్న భ్రమ మిగులుతుంది.

ఐఏఎస్‌కు నెల జైలు

అలాగని అధికారులకు భయం లేదనుకోవద్దు. బెంగళూరు నగర పాలక సంస్థ ఇంజినీరు ఒకరి పదోన్నతి హక్కును సుప్రీంకోర్టు తేల్చాక కూడా కర్ణాటక ప్రభుత్వం ‘పరిశీలించి’ మొండిచెయ్యి చూపింది. తేలిపోయిన విషయాన్ని తిరగదోడడమే ధిక్కారమంటూ 1995లో ఐఏఎస్‌ అధికారి జె.వాసుదేవన్‌కు సుప్రీంకోర్టు నెల రోజుల జైలు వేసింది.

గడువు దాటినా ఉలుకూ పలుకూ లేకపోయినా, కోర్టు చెల్లదన్న కారణాన్నే మళ్లీ రాసి కాదన్నా ధిక్కరణకు దారి ఉంటుంది. అదీ కావాలని చేశారని చూపగలగాలి. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం ప్రకారం గరిష్ఠ శిక్ష ఆరు నెలల సాధారణ జైలు, 2 వేల రూపాయల జరిమానా. ధిక్కారం జరిగిన నాటి నుంచి ఏడాదిలోపే కోర్టుకెళ్లాలి.

అంతకంటే ముందు ముగిసే గడువు మరొకటుంది. తిరస్కరణ మీద పైఅధికారికి అప్పీలు చేసుకునే వీలుంటే దానికి రోజుల్లోనే లెక్క. ధిక్కరణ కేసు పట్టుకుని వేలాడుతుంటే ఆ పుణ్యకాలం కాస్తా గడిచిపోతుంది. అప్పీలు లేని చోట మళ్లీ రిట్టే. అంటే బళ్లారి వాళ్లు ధార్వాడకు, రాయచూరు వాళ్లు కలబురగికి, సిరొంచ వాళ్లు నాగపూరుకు, రాయగడ వాళ్లు కటక్‌కు మరోసారి రైలో బస్సో ఎక్కాలి. యానాం వాళ్లకైతే మద్రాసు హైకోర్టే దిక్కు.

తిరస్కరణ కాగితం తమిళంలోనో కన్నడంలోనో ఉంటే కారణాలు రాసిన పేరా చదివించుకుని అర్థం చెప్పించుకోండి. కారణమే రాయలేదంటే దాన్ని సవాలు చేయడానికి అదే మంచి పాయింటు. పోస్టు కవరు పారేయొద్దు, ఏ తేదీన చేరిందో ముద్ర దాని మీదే ఉంటుంది. లాయరు దగ్గరికి వెళ్లేటప్పుడు ఆ కవరుతో పాటు హైకోర్టు ఆదేశం నకలు, తిరస్కరణ కాగితం రెండూ పట్టుకెళ్లండి.