అమ్రాబాద్ బొమ్మలు ఎవరివి?

కొత్తగా షూటింగ్ చేయకుండ, ఎవరో ఎప్పుడో తీసిన రీళ్లనే కోసి, అతికించి వేరే సినిమా కట్టే పద్ధతి ఒకటున్నది. ఇది ఒట్టి ఎడిటింగ్ ఆట గాదు. 1986లో జానికియన్, రిచ్చి లుక్కీ అనే ఇద్దరు ఇటలీలో 'ధ్రువం నుంచి భూమధ్యరేఖకు' అనే చిత్రం చేశారు. లూకా కొమేరియో అనే పాత కెమెరామన్ దాచిన వలసకాలపు రీళ్లను ఒక్కో ఫ్రేము మళ్లీ ఫొటో తీసి, వేగం తగ్గించారు. తగ్గిస్తే ఏమైతది? దొర గొప్ప కోసం తీసిన బొమ్మలో మూలకున్న మనిషి కెమెరా దిక్కు ఎట్ల చూస్తున్నడో కనబడ్తది.

ఈ పని అమ్రాబాద్‌కు కావాలె. యుద్ధం వల్ల నిజాం రాజ్యంలో ఆగిపోయిన ఆస్ట్రియా మానవశాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్ 1940లో ఇక్కడి చెంచుల ఫొటోలు తీశాడు. 1943లో పుస్తకం వేశాడు. (చెంచుల మేలు కోరినవాడే, అది వేరే సంగతి.) ఆయన ఫొటోలు, రీళ్లు లండన్‌లో, సోయస్ విద్యాసంస్థలో ఉన్నయి. విల్లు పట్టి నిలబడ్డ చెంచే దేశానికి యాదికున్నడు. సర్కారు కాగితాలు కూడ 2006 దాకా 'ఆదిమ తెగ' అనే రాసినయి. 2019లో యురేనియం తవ్వకాలు వద్దని కొట్లాడిన చెంచు ఆ యాదిలో లేడు. ఆ రెండు బొమ్మలను పక్కపక్కన అతికించి చూడండి. అయితే కత్తెర పట్టేముందు ఆ ఫొటోలు పెంటలకు రావాలె. అందులో ఉన్నది ఎవరి తాతో, ఎవరి అవ్వో చెప్పేది అక్కడివాళ్లే.