గంట కొట్టని సైకిళ్ళు

మన పల్లెలలో సైకిలు అనగానే ముందుగా చెవిని తాకేది దాని గంట. పాలబ్బాయి వచ్చినా, పోస్టుమాను వచ్చినా, సంతకు పోయే పెద్దాయన మలుపు తిరిగినా గంట మ్రోగవలసినదే. జపాను దేశములోని క్యోటో పట్టణములో మాకు సైకిళ్ళు అప్పగించిన గైడు మొదట చెప్పిన సంగతి ఈ గంటను గూర్చియే. "గంట ఉన్నది గాని కొట్టవద్దు. ఎదుట మనిషి నడుస్తూ ఉంటే మెల్లగా వెనుక రండి, చోటు లేకపోతే దిగి నడిపించండి" అన్నారామె. ఆ దేశపు చట్టములో సైకిలు కూడ ఒక బండియే. ప్రమాదము తప్పించుటకు తప్ప, దారి ఇమ్మని మనుష్యుల మీద గంట కొట్టుటకు చట్టము ఒప్పుకొనదు. మాలో ఒక సహోదరుని బొటనవ్రేలు అలవాటు చొప్పున రెండు మూడుసార్లు గంట మీదికి పోయినది. ప్రతిసారి ఆయన చెయ్యి వెనుకకు తీసుకొనుట చూచి మేము నవ్వుకొన్నాము.

మేము కొద్దిమంది సేవకులము ఒసాకాలో ఒక కూడికకు వెళ్ళి, ఒక దినము తీరిక దొరకగా రైలెక్కి క్యోటో చేరాము. అరగంట ప్రయాణము. బస్సులలో యాత్రికులు కిక్కిరిసి ఉన్నారు గనుక గైడు వెంట సైకిళ్ళ మీద సందులు చూచుటకు నిర్ణయించుకొన్నాము. ఈ పట్టణము సైకిలుకు తగినది. మూడు ప్రక్కల కొండలు, నడుమ చదును నేల. ఉత్తరమునకు పోయేకొలది నేల తెలియకుండ ఎత్తగును, అంతే. మన దేశమువలెనే అక్కడను బండ్లు ఎడమ ప్రక్కనే నడుచును. గైడు ముందు, మేమందరము ఒకరి వెనుక ఒకరము. ఇద్దరు ప్రక్కప్రక్కన మాట్లాడుకొంటూ తొక్కకూడదు. 2023 ఏప్రిల్ నుండి ఏ వయస్సు వారైనను హెల్మెట్టు పెట్టుకొనవలెనని చట్టము కోరుచున్నది గనుక మాకును పెట్టారు. పట్టణము నడుమ కొన్ని వీధులలో పగటివేళ సైకిలు ఎక్కకూడదు, నడిపించుకొని పోవలెను. కనబడిన చోటెల్ల ఆపి వదిలి పోకూడదు. అధికారులు ఎత్తుకొని పోదురు, తిరిగి తెచ్చుకొనుటకు రుసుము కట్టవలెను.

క్యోటోను 794లో కమ్ము చక్రవర్తి కట్టించాడు. చీనా దేశపు చాంగాన్ నగరమును మాదిరిగా తీసికొని, చదరంగపు బల్లవలె వీధులన్నియు నిలువు అడ్డముగా వేయించాడు. 1868 తరువాత చక్రవర్తి టోక్యోకు తరలిపోవువరకు వెయ్యేండ్లకు పైగా రాజధాని అనిపించుకొన్న ఊరిది. ఇప్పుడు అక్కడ సుమారు 14 లక్షల జనము. వీధుల పేర్లు వరుస తప్పకుండ గుర్తుంచుకొనుటకు అక్కడి పిల్లలకు ఒక పాట ఉన్నది. మా గైడు ఏదైన మలుపు దగ్గర తడబడితే ఆ పాట గొణుగుకొని దారి చెప్పేవారు.

పెద్ద వీధి దాటి సందులోనికి తిరగగానే చప్పుడు ఆగిపోయినట్లయినది. రెండు ప్రక్కల చెక్క ఇండ్లు, వాటికి సన్నని చెక్కకమ్ముల జాలీలు. లోపలివారికి వీధి కనబడును గాని వీధిలోనివారికి లోపల కనబడదు. వీటిని "మాచియా" అందురు. ముందు అంగడి, వెనుక కాపురము. వీధి వైపు వెడల్పు చాల తక్కువ, లోపలికి పోతే ఎంతో పొడవు. అందుచేత "మలుగుపాము పడక" అని ముద్దుపేరు పెట్టారు. వెలుతురు, గాలి వచ్చుటకు ఇంటి నడుమ చిన్న తోట విడుతురు. ముంగిటి నుండి పెరటి వరకు మట్టినేల దారి ఒకటి ఉండును. వంట అక్కడనే.

ప్రతి రెండు మూడు ఇండ్లకు గడప ప్రక్కన నీళ్ళతో నింపిన ఎర్ర బక్కెటు కనబడినది. నిప్పు కొరకు. 1788లో రేగిన మంట పట్టణములో అధిక భాగమును కాల్చివేసినది. 1864లో రాజభవనపు ద్వారము దగ్గర జరిగిన పోరాటము వలన మరల వేలాది ఇండ్లు కాలిపోయినవి. అందుచేత ఊరు వెయ్యేండ్లదైనను నడుమ భాగములోని పాత ఇండ్లు చాల మట్టుకు 1864 తరువాతివే. కొట్లో కొన్న ప్లాస్టికు బక్కెటే, దాని వెనుక ఇంత కథ.

ఉదయము గనుక ఒక ముసలమ్మ ముంగిలి ఊడ్చి నీళ్ళు చల్లుచున్నది. మన అమ్మలు కళ్ళాపి చల్లుట గుర్తుకు వచ్చినది, పేడనీళ్ళు మాత్రము కావు. గైడు ఒక సంగతి చెప్పారు. ఊడ్చేటప్పుడు పొరుగింటి ముంగిలి కూడ కొంచెము ఊడ్వవలెను, జానెడు మూరెడు మాత్రమే. బొత్తిగా ఊడ్వకపోతే పట్టింపు లేనట్లు. మొత్తము ఊడ్చివేస్తే పొరుగువానికి నీవు సోమరివని చెప్పినట్లు. ఈ కొలత తెలిసిన వారు మన సంఘములలో కూడ తక్కువే అని మాలో ఒకరు అన్నారు. వీధి మూలలలో చిన్న రాతి విగ్రహములున్నవి. ఆగస్టులో వాటి యెదుట ఆ వీధి పిల్లలకు వేడుక చేయుదురు. ఆ భక్తి మనది కాదు. అయినను వీధి పెద్దలందరు కలిసి పిల్లల కొరకే ఒక దినము కేటాయించుట మాకు నచ్చినది.

అక్కడ నుండి పాత రాజభవనపు తోటకు వెళ్ళాము. విశాలమైన స్థలము, అంతట పరచిన కంకర. కంకరలో సైకిలు తొక్కుట ఎంత కష్టమో తొక్కినవారికి తెలియును. కాని ఆ కంకర మధ్య ఒక సన్నని గీత పాకుచు పోవుచున్నది. దినదినము ఆ దారిన పోవువారి చక్రములు రాళ్ళను ప్రక్కకు నెట్టి, నేలను గట్టిపరచి చేసిన దారి అది. చేను గట్టున కాలిబాట పడినట్లు. వెడల్పు ఒక చక్రమునకే. ఎదుట మరియొక సైకిలు వస్తే ఒకరు కంకరలోనికి దిగవలెను. ఒక విద్యార్థి మమ్ము చూచి ముందే దిగి నిలబడ్డాడు. పదిమందిమి పోవువరకు అలాగే ఉన్నాడు.

ఆ తోటకు ఉత్తరమున దోషిషా విశ్వవిద్యాలయమున్నది. దీనిని గూర్చి కొంచెము విపులముగా వ్రాయుదుము. జో నీజిమా అను యువకుడు 1864లో, తన 21వ యేట, ఓడలో దాగి దేశము విడిచాడు. అనుమతి లేక దేశము దాటినవానికి ఆ దినములలో మరణశిక్ష. అమెరికా చేరి, ఓడ యజమాని హార్డీ దయవలన చదువుకొని, దైవసేవకునిగా అభిషేకము పొందాడు. 1874లో తిరిగి వచ్చుటకు ముందు వెర్మాంట్ రాష్ట్రములోని రట్లాండ్‌లో జరిగిన మిషను సభలో, జపానులో క్రైస్తవ పాఠశాల కావలెనని కన్నీటితో అడిగాడు. సుమారు 5,000 డాలర్లు ఇచ్చుటకు అక్కడివారు ఒప్పుకొన్నారు. సభ అయిన తరువాత ఒక పేద రైతు వచ్చి, ఇంటికి పోవుటకు ఉంచుకొన్న రైలు ఖర్చు రెండు డాలర్లు చేతిలో పెట్టి, నేను నడిచి పోగలనన్నాడట. రెండు కాసుల విధవరాలు మీకు గుర్తుకు వచ్చినదా? మాకును వచ్చినది.

1875 నవంబరు 29న ఎనిమిదిమంది విద్యార్థులతో పాఠశాల మొదలైనది. క్యోటో బౌద్ధ సన్యాసులకు కంచుకోట. క్రైస్తవ్యమును నిషేధించిన పలకలు తీసివేయబడి అప్పటికి రెండేండ్లే. సన్యాసులు గట్టిగా ఎదిరించారు. భూమి ఇచ్చిన యమమొటో కకుమా అంధుడు. ఆయన చెల్లెలు యాయె 1868 యుద్ధములో తుపాకి పట్టి కోటను కాచిన స్త్రీ. క్రైస్తవునికి ప్రధానము చేయబడినందుకు ఆమె బడిలోని ఉద్యోగము పోయినది. 1876 జనవరిలో నీజిమాతో ఆమె వివాహము జరిగినది. 1886లో కట్టిన ఎర్ర ఇటుకల ప్రార్థనాలయము ఇప్పటికిని ఆ ఆవరణములో ఉన్నది. చిన్నదే. మన జిల్లాలలో మిషనరీలు కట్టిన కొన్ని గుడులు దీనికంటె పెద్దవి.

తూర్పునకు తిరిగితే కామో నది. రెండు ఏరులు కలిసేచోట తాబేలు, పక్షి ఆకారములలో రాళ్ళు వేశారు. పిల్లలు వాటి మీద గెంతుచు ఏరు దాటుచున్నారు. కొంగలు నిలబడి ఉన్నవి. నది గట్టున దక్షిణముగా తొక్కుట ఆ దినమంతటిలో మిక్కిలి హాయిగా నుండినది. గైడు ముందుగా ఏమియు చెప్పలేదు. షోమెన్ వంతెన దగ్గర ఆపి ఒక రాయి చూపారు. 1619 అక్టోబరు 6న షోగను హిదెతాద ఆజ్ఞ చొప్పున ఈ ఒడ్డున 52 మంది క్రైస్తవులను స్తంభములకు కట్టి కాల్చివేసిరి. వారు రోమను కతోలికులు. వారిలో తల్లులు, పసిబిడ్డలు ఉన్నారు. క్రైస్తవులు నివసించిన పేటకు ఆనాడు "దైయుసు" అని పేరు. దేవుడు అను లాటిను మాట జపాను వారి నోట అట్లు పలికినది. రాయి ప్రక్కనుండి కార్లు పోవుచునే ఉన్నవి. మేము హెల్మెట్లు తీసి కొంతసేపు నిలబడ్డాము. ఎవరును ఏమియు మాట్లాడలేదు.

మాలో ఒకరు, "అమ్మా, రెండవ ప్రపంచ యుద్ధములో జపాను పట్టణములన్నియు కాలినవి గదా, ఇది ఎట్లు మిగిలినది?" అని అడిగారు. పూర్తిగా మిగలలేదు. 1945 జనవరిలోను, జూనులోను బాంబులు పడి పదుల కొలది జనులు మరణించారు. మంటలు ప్రాకకుండ ప్రభుత్వమే వేలాది ఇండ్లు పడగొట్టించినది. ఉదయము మేము దాటిన ఓయికె వీధి అంత వెడల్పుగా ఉండుటకు కారణమదే. అయితే అసలు సంగతి మరియొకటి. 1945 మే నెలలో అమెరికా అణుబాంబు కొరకు ఎంచిన పట్టణములలో క్యోటో ఉన్నది. యుద్ధశాఖ కార్యదర్శి హెన్రీ స్టిమ్సన్ 1926లో ఈ ఊరు చూచినవాడు. సేనాధిపతులు పట్టుబట్టినను ఆయన దాని పేరు కొట్టివేయించాడు. జూలైలో జాబితాలో చేర్చబడిన పేరు నాగసాకి. ఆగస్టు 9న విమానము మొదట కొకుర మీదికి పోయి, మబ్బులు పొగ కమ్మి ఉండగా నాగసాకికి తిరిగినది. బాంబు పేలిన చోటికి ఉరకామి ప్రార్థనాలయము సుమారు అర కిలోమీటరు. జపానులో క్రైస్తవులు అత్యధికముగా నున్న పేట అది. అక్కడి 12,000 మంది విశ్వాసులలో సుమారు 8,500 మంది మరణించారని చెప్పుదురు.

పొద్దుటి నుండి మేము మెచ్చుకొనుచు వచ్చిన చెక్క ఇండ్లు, తోటలు, కంకరలోని గీత, ఇవన్నియు ఒక కాగితము మీద ఒక పేరు కొట్టివేసినందున మిగిలినవి. ఆ చోట మరియొక పేరు వ్రాయబడినది. దీనిని దేవుని కాపుదల అని తొందరపడి అనుటకు మాకు నోరు రాలేదు. నాగసాకి విశ్వాసి దాని నేమనును?

ఇప్పుడు ఈ సందులకు వేరొక ఇబ్బంది. గియోన్ పేటలో గేషా స్త్రీల వెంటబడి ఫోటోలు తీయుట మితిమీరగా, అచటివారు 2019లో సొంత సందులలో ఫోటో తీస్తే 10,000 యెన్‌లు కట్టవలెనని పలకలు పెట్టారు. అప్పటికిని ఆగక 2024లో ఆ సందులలోనికే రావద్దన్నారు. మేము పలక చదివి వెనుకకు తిరిగాము. పట్టణపు అధికారులును ఊరకుండలేదు. 2007లో నడిబొడ్డున కట్టడముల ఎత్తు 45 మీటర్ల నుండి 31 మీటర్లకు తగ్గించి, మిద్దెల మీది ప్రకటన బల్లలు, మిణుకు దీపములు తీయించారు. అయితే ఇండ్లు మాత్రము తగ్గుచునే ఉన్నవి. 2009 నాటి లెక్కలో సుమారు 47,700 మాచియాలు, 2016 నాటికి సుమారు 40,100. ముసలివారు చనిపోవుదురు, పిల్లలు టోక్యోలో ఉందురు, చెక్క ఇంటి మరమ్మతుకు ఖర్చు ఎక్కువ, స్థలమునకు ధర ఎక్కువ.

తిరుగు దారిలో ఒక సందులో రెండు ఇండ్ల నడుమ పన్ను ఊడినట్లు ఖాళీ కనబడినది. ముందు సన్నము, లోపలికి పొడవు. అక్కడ బొంతల అంగడి ఉండేదని, చిన్నప్పుడు తన తల్లితో వచ్చేదానినని గైడు చెప్పారు. ఇప్పుడు నేల మీద సిమెంటు పోసి తెల్లగీతలు గీశారు. ఒకదాని వెనుక ఒకటిగా నాలుగు కార్లు పట్టును.