ఇంటిలో ఉసిళ్లు వెడలినచో రైతులు చేయవలసిన పనులు

మృగశిర కార్తెలో తొలకరి వాన కురిసిన పిదప, నల్లగొండ, మహబూబునగరు జిల్లాల చల్క భూములలో పుట్టలనుండి ఉసిళ్లు గుంపులుగా వెడలి దీపములపై మూగుట రైతులెల్లరు ఎరిగినదే. ఇవి రెక్కలు వచ్చిన చెదలు. ఇవి కొయ్యను తినవు. రెక్కలు రాల్చి, జంటలుగా నేలలో దూరి, క్రొత్త గూళ్లకు రాజురాణులగును. వీనిలో పెక్కు పిట్టలకును, బల్లులకును, కప్పలకును ఆహారమగును. జనులును వేయించుకొని తిందురు.

బయటినుండి దీపమునకు వచ్చిన ఉసిళ్లను చూచి భయపడనక్కరలేదు. అవి ఇంటి గోడనుండి గాని, నేల బీటలనుండి గాని, ద్వారబంధము మొదటినుండి గాని వెడలినను, దీపములేని గదిలో రాలిన రెక్కలు కుప్పగా కనబడినను ఉపేక్షింపరాదు. చెదలగూడు కొన్ని ఏండ్లు ముదిరినగాని ఉసిళ్లు పుట్టవు. కావున ఆ యింట చెదలు చాలకాలమునుండి యున్నవని గ్రహింపవలెను.

అట్టి యెడల వెంటనే ఈ క్రింది పనులు చేయవలెను:

1. దూలములను, వాసములను, ద్వారబంధములను కత్తిమొనతో పొడిచి చూడవలెను. మొన సులభముగా దిగినచో లోపల డొల్లయైనదని తెలియును.

2. గోడలపై చెదలు కట్టిన మట్టిబాటలను గీకివేసి, మరల కట్టుచున్నవేమో ప్రతిదినము చూడవలెను.

3. ధాన్యపు గరిసెలను, పట్టా కాగితముల పెట్టెలను గోడకు తగులకుండ రాళ్లపై ఎత్తుగా నుంచవలెను. కొయ్య స్తంభములను నేలలో పాతక రాతిపై నిలుపవలెను.

4. వంటచెరకును గోడ ప్రక్క పేర్చరాదు. చూరునీటిని గోడమొదట నిలువనీయరాదు.

5. ఇంటిదగ్గర పుట్టయున్నచో పైభాగమును పగులగొట్టుట చాలదు. లోతుగా త్రవ్వి, వ్రేలంత పొడవుగల తెల్లని రాణిని వెదకి చంపవలెను.

ఉసిళ్లు ఎగురుట ఒకటి రెండు పూటలలో ముగియును. గూటిలో మిగిలిన చెదలు ఏడాది పొడవునను కొయ్యను తినుచునే యుండును.