ముల్లు చెప్పేదెంత? ఏసీ మరమ్మతులో మేనిఫోల్డ్ గేజ్

గదిని సరిగా చల్లబరచని ఏసీ మీద తెలుగునాట సర్వసాధారణంగా పడే ముద్ర ‘గ్యాస్ తగ్గింది’ అన్నది. ఔట్‌డోర్ యూనిట్ పక్కనున్న వాల్వుకు ఒక గొట్టం బిగించి, దాని రెండో చివరనున్న మీటరు ముల్లు ఏ అంకె దగ్గర ఆగిందో చూసి, ఆ అంకె తక్కువగా తోస్తే సిలిండరు తెరిచి గ్యాస్ ఎక్కించడంతో చాలా ఇళ్లలో మరమ్మతు ముగిసిపోతుంది. ఆ మీటరు మేనిఫోల్డ్ గేజ్ అనే పరికరంలో ఒక భాగం. అది కొలిచేది పీడనాన్ని మాత్రమే. యంత్రంలో ఎంత గ్యాస్ ఉన్నదో అది నేరుగా చెప్పలేదు. పీడనం పక్కన ఉష్ణోగ్రతను కూడా కొలిచి, రెండింటినీ కలిపి చదివినప్పుడే ముల్లు చూపిన అంకెకు అర్థం ఏర్పడుతుంది.

ఏ ద్రవమైనా ఎంత వేడి దగ్గర మరుగుతుందన్నది దాని మీదున్న పీడనాన్ని బట్టి మారుతుంది. ఏసీలో తిరిగే శీతలకారి, అంటే వాడుకలో గ్యాస్ అని పిలిచే రసాయనం, ఈ ధర్మం మీదే పనిచేస్తుంది. గదిలోని యూనిట్‌లో ఉండే కాయిల్‌లో, అంటే ఎవాపరేటర్‌లో, అది తక్కువ పీడనం వద్ద మరుగుతూ గది గాలిలోని వేడిని పీల్చుకుంటుంది. ఆ ఆవిరిని కంప్రెసర్ ఎక్కువ పీడనానికి నొక్కి బయటి కాయిల్‌కు, అంటే కండెన్సర్‌కు, పంపుతుంది. అక్కడ అది వేడిని బయటి గాలికి వదిలి తిరిగి ద్రవమవుతుంది. ఆ ద్రవం కేపిలరీ అనే సన్నని రాగి గొట్టం గుండానో ఎక్స్‌పాన్షన్ వాల్వు గుండానో దూరి, పీడనం కోల్పోయి, మళ్లీ మరగడానికి సిద్ధమవుతుంది. ద్రవమూ ఆవిరీ కలిసి ఉన్న చోట పీడనం తెలిస్తే ఉష్ణోగ్రత తెలిసినట్లే. ఆ ఉష్ణోగ్రతను సంతృప్త ఉష్ణోగ్రత అంటారు. ఆర్-22 అనే పాత గ్యాస్ చదరపు అంగుళానికి సుమారు 70 పౌన్ల గేజ్ పీడనం వద్ద, అంటే 70 పీఎస్ఐ వద్ద, 5 డిగ్రీల సెల్సియస్‌లో మరుగుతుంది. అదే 5 డిగ్రీలకు ఆర్-410ఏ సుమారు 120 పీఎస్ఐ, ఇప్పటి ఇంటి ఏసీల్లో విరివిగా వాడే ఆర్-32 సుమారు 123 పీఎస్ఐ చూపుతాయి. ఒక్కో గ్యాస్‌కు ఒక్కో పట్టిక ఉంటుంది గనుక, యంత్రంలో ఉన్న గ్యాస్ ఏదో తెలియకుండా చదివిన పీడనానికి విలువ లేదు.

పరికరం నిర్మాణం సరళమైనది. ఇత్తడితోనో అల్యూమినియంతోనో చేసిన దిమ్మెకు రెండు మీటర్లు, రెండు చేతి వాల్వులు, మూడు గొట్టాలు ఉంటాయి. నీలి మీటరు కంప్రెసర్‌లోకి ఆవిరి వెళ్లే సక్షన్ వైపు తక్కువ పీడనాన్ని చూపుతుంది, వాతావరణ పీడనం కంటే దిగువనున్న శూన్యాన్ని కూడా కొంతవరకు చూపగలదు. ఎర్ర మీటరు కంప్రెసర్ నుంచి ఆవిరి వెలువడే డిశ్చార్జ్ వైపు ఎక్కువ పీడనాన్ని చూపుతుంది. నడిమి పసుపు గొట్టం వాక్యూమ్ పంపుకో గ్యాస్ సిలిండరుకో వెళ్తుంది. మీటరు లోపల ముల్లును తిప్పేది ఫ్రాన్సుకు చెందిన యూజీన్ బూర్దో 1849లో పేటెంటు పొందిన వంపు గొట్టం: పీడనం పెరిగేకొద్దీ దాని వంపు కొద్దిగా విచ్చుకుంటుంది, ఆ స్వల్ప కదలికను పళ్లచక్రాలు పెంచి ముల్లుకు అందిస్తాయి. కొత్తగా పని నేర్చుకునేవారు తడబడేది చేతి వాల్వుల దగ్గర. అవి మూసి ఉన్నా మీటర్లు పీడనాన్ని చూపుతూనే ఉంటాయి, ఎందుకంటే ఆ వాల్వులు తమ వైపు గొట్టాన్ని నడిమి గొట్టంతో మాత్రమే కలుపుతాయి. కొలత తీసుకునేటప్పుడు రెండూ మూసి ఉండవలసిందే. యంత్రం నడుస్తుండగా రెండింటినీ ఒకేసారి తెరిస్తే ఎక్కువ పీడనం తక్కువ పీడనం వైపు దూసుకుపోయి కొలతను చెడగొట్టడమే కాక ప్రమాదానికీ దారితీస్తుంది.

యంత్రాన్ని ఆపి ఉంచినప్పుడు తీసిన కొలతను నమ్మి మోసపోవడం కూడా మామూలే. కంప్రెసర్ ఆగిన కొంతసేపటికి రెండు వైపులా పీడనం సమానమై, బయటి వేడికి తగిన సంతృప్త పీడనం దగ్గర నిలుస్తుంది. 35 డిగ్రీల వాతావరణంలో ఆర్-22 సుమారు 180, ఆర్-32 సుమారు 300 పీఎస్ఐ చూపుతాయి. లోపల నిండుగా గ్యాస్ ఉన్నా, సగం కారిపోయి కాస్తంత ద్రవమే మిగిలినా ఆ అంకె మారదు. వంటింటి గ్యాస్ సిలిండరు అయిపోవచ్చినా స్టవ్ మంట చివరి దాకా ఒకే తీరున రావడానికీ కారణం ఇదే. ద్రవం పూర్తిగా ఇంకిన తరువాతే పీడనం పడిపోతుంది. ఆపి ఉన్న ఏసీ పీడనం చూసి గ్యాస్ సరిపడా ఉందని చెప్పడం, అందుచేత, ఊహ మాత్రమే.

సరైన కొలతకు యంత్రం కనీసం పావుగంట నిలకడగా నడవాలి, ఆ తరువాత పీడనంతో పాటు రాగి గొట్టం ఉష్ణోగ్రతను కూడా పట్టుకోవాలి. ఆర్-32తో నడిచే, రెండు వైపులా కొలత వాల్వులున్న ఒక యంత్రాన్ని ఉదాహరణగా తీసుకోవచ్చు. నీలి మీటరు 123 పీఎస్ఐ చూపితే లోపలి కాయిల్‌లో గ్యాస్ 5 డిగ్రీల వద్ద మరుగుతోందని పట్టిక చెబుతుంది. సక్షన్ వైపు లావు గొట్టానికి బిగించిన థర్మామీటరు 12 డిగ్రీలు చూపితే, ఆవిరి పూర్తిగా మరిగిన తరువాత మరో 7 డిగ్రీలు వేడెక్కిందన్నమాట. ఈ తేడాను సూపర్‌హీట్ అంటారు. ఎర్ర మీటరు 441 చూపితే బయటి కాయిల్‌లో గ్యాస్ 50 డిగ్రీల వద్ద ద్రవమవుతోంది; ద్రవం వెళ్లే గొట్టం 43 డిగ్రీలుంటే, ద్రవమైన తరువాత మరో 7 డిగ్రీలు చల్లబడిందన్నమాట; ఈ తేడా సబ్‌కూలింగ్. సూపర్‌హీట్ సున్నాకు దగ్గరైతే మరగని ద్రవం కంప్రెసర్‌లోకి చేరుతుంది. ద్రవాన్ని నొక్కడానికి వీలుండదు కాబట్టి కంప్రెసర్ దెబ్బతింటుంది. సబ్‌కూలింగ్ లేకపోతే ఎక్స్‌పాన్షన్ వాల్వుకు ద్రవంతో పాటు బుడగలు చేరి చల్లదనం పడిపోతుంది.

ఈ రెండు తేడాలు చేతికి వచ్చాక గేజ్ రోగనిర్ణయానికి పనికివస్తుంది. సక్షన్ పీడనం తక్కువగా ఉండి, సూపర్‌హీట్ ఎక్కువగా, సబ్‌కూలింగ్ తక్కువగా ఉంటే గ్యాస్ నిజంగానే తగ్గింది. సక్షన్ పీడనం అంతే తక్కువగా ఉన్నా సూపర్‌హీట్ కూడా తక్కువగా ఉంటే గ్యాస్‌ను అనుమానించడం పొరపాటు. దుమ్ము పేరుకున్న ఫిల్టరో, మెల్లగా తిరుగుతున్న ఫ్యానో గది గాలిని కాయిల్ మీదికి రానివ్వడం లేదు. వేసవి తొలి రోజుల్లో, ఆరు నెలలు మూలపడి ఉన్న ఏసీలను తిరిగి వాడడం మొదలుపెట్టినప్పుడు, ఎక్కువగా కనిపించే స్థితి ఇదే. ఫిల్టరు కడిగితే తీరిపోయే ఈ లోపానికి ముల్లును మాత్రమే చూసి గ్యాస్ ఎక్కిస్తే అసలు జబ్బు అలాగే ఉండిపోతుంది, పైగా అదనపు ద్రవం కంప్రెసర్‌కు కొత్త ముప్పు తెస్తుంది. సక్షన్ తక్కువ, సూపర్‌హీట్ ఎక్కువ, అయినా సబ్‌కూలింగ్ మామూలుగానో ఎక్కువగానో ఉంటే దారిలో ఎక్కడో అడ్డు పడింది: కేపిలరీ మూసుకుపోవడమో, చెత్తను వడకట్టే డ్రయ్యర్ పూడిపోవడమో జరిగింది. సక్షన్ ఎక్కువ, డిశ్చార్జ్ తక్కువ అయితే కంప్రెసర్ నొక్కే శక్తి కోల్పోయి ఉండవచ్చు. రెండూ ఎక్కువైతే బయటి కాయిల్‌కు మురికి పట్టడం, గ్యాస్ మితిమీరడం, లోపల గాలి చిక్కుకోవడం అనే మూడింటిని పరిశీలించాలి. మొదట కాయిల్‌ను కడగడం ఖర్చు లేని పని. ‘గ్యాస్ తగ్గింది’ అన్న ఒక్క మాట కింద ఇన్ని వేర్వేరు జబ్బులను కలిపేయడం వల్ల ఇంటివారికే కాదు, నిజాయతీగా పనిచేసే మెకానిక్‌లకూ నష్టమే.

ఆర్-22 కాలంలో సక్షన్ 60 నుంచి 70 మధ్య ఉంటే చాలన్న లెక్క నోటినోటికి వ్యాపించింది. అలాంటి కంఠస్థపు అంకెలకు స్థిరత్వం లేదు. కేపిలరీతో నడిచే యంత్రంలో, గ్యాస్ బరువు మారకపోయినా, లోపలి గాలి తేమ పెరిగితే సక్షన్ పీడనమూ సూపర్‌హీట్‌ కూడా పెరుగుతాయి. బయటి ఎండ పెరిగితే సూపర్‌హీట్ తగ్గుతుంది. కాకినాడ, విశాఖపట్నం వంటి తీరపు ఉక్కలో సరిగా పనిచేస్తున్న ఏసీ చూపే అంకెను రామగుండం పొడి ఎండలో వెతకడం అర్థం లేని పని. బయట 45 డిగ్రీలున్న నాడు కండెన్సర్‌లో గ్యాస్ 55 డిగ్రీలకు చేరితే ఆర్-32 డిశ్చార్జ్ పీడనం 500 పీఎస్ఐకి చేరువవుతుంది. ఆర్-22 కోసం చేసిన, 500తో ఆగిపోయే ఎర్ర మీటరుకూ పాత గొట్టాలకూ అది హద్దు. కొత్త గ్యాస్‌లకు 800 పీఎస్ఐ దాకా తట్టుకునే సామగ్రినే వాడాలి.

భారతీయ ఇళ్లలోని స్ప్లిట్ ఏసీల్లో మరో చిక్కు ఉంది. కేపిలరీ గానీ ఎక్స్‌పాన్షన్ వాల్వు గానీ ఔట్‌డోర్ యూనిట్‌లోనే ఉండడం వల్ల గదిలోకి వెళ్లే సన్న గొట్టం, లావు గొట్టం రెండూ తక్కువ పీడనం వైపువే. కొలతకు వాల్వు సాధారణంగా లావు గొట్టం దగ్గర ఒక్కటే ఉంటుంది. అక్కడ ఎర్ర మీటరుకు పని లేదు, సబ్‌కూలింగ్ కొలవడం కుదరదు. నీలి మీటరుతో పాటు లావు గొట్టం ఉష్ణోగ్రత, గదిలోకి వచ్చే చల్లగాలికీ లోపలికి పీల్చే గాలికీ ఉన్న తేడా, క్లాంప్ మీటరు చూపే కరెంటు ఆంపియర్లు, ఇవన్నీ కలిపి తీర్పు చెప్పాలి. ఇన్వర్టర్ ఏసీలో కంప్రెసర్ వేగం అవసరాన్ని బట్టి తనంతట తాను మారుతుంది గనుక ముల్లు కూడా కదులుతూనే ఉంటుంది. తయారీదారు చెప్పిన పద్ధతిలో యంత్రాన్ని టెస్ట్ మోడ్‌లో ఉంచి వేగాన్ని నిలిపిన తరువాతే కొలత తీయాలి. ఆ పని చేయకుండా ఇన్వర్టర్ యంత్రానికి గేజ్ బిగించడం దాదాపు వృథా ప్రయాస.

పరికరానికీ తన లోపాలుంటాయి. గొట్టాలు దేనికీ బిగించక ముందు రెండు ముళ్లూ సున్నా మీద ఉండాలి. లేకపోతే మీటరు ముఖం మీదున్న చిన్న మరను తిప్పి సరిచేయాలి. మామూలు ముల్లు మీటర్లలో చాలావాటి ఖచ్చితత్వం పూర్తి స్కేలులో ఇంత శాతం అని చెబుతారు: 500 పీఎస్ఐ స్కేలున్న మీటరుకు 1.6 శాతమంటే 8 పీఎస్ఐ అటో ఇటో. ఆర్-32కు 5 డిగ్రీల దగ్గర 4 పీఎస్ఐ తేడా ఒక డిగ్రీతో సమానం కనుక, ఆ లెక్కన 7 డిగ్రీలుగా కనిపించిన సూపర్‌హీట్ నిజానికి 5 కావచ్చు, 9 కావచ్చు. డిజిటల్ మేనిఫోల్డ్‌లు ఈ అనిశ్చితిని తగ్గించి, గ్యాస్ పేరు ఎంచుకుంటే సూపర్‌హీట్‌ను తామే లెక్కగట్టి చూపుతాయి. అయితే గ్యాస్ పేరు తప్పుగా ఎంచుకుంటే తప్పు జవాబునే చూపుతాయి. ఉష్ణోగ్రత క్లిప్పును తుడిచిన రాగి మీద గట్టిగా పట్టించి, బయటి వేడి తగలకుండా స్పాంజితో కప్పకపోతే మీటరు ఎంత మంచిదైనా ఫలితం ఉండదు.

గ్యాస్ నింపే ముందు గొట్టాల్లోని గాలినీ తేమనూ పంపుతో లాగివేసే పనికి నీలి మీటరు మీద ఆధారపడడం తగదు. శూన్యతకు వాడే కొలమానం మైక్రాన్, అంటే పాదరస మట్టంలో మిల్లీమీటరులో వెయ్యో వంతు; మంచి వాక్యూమ్ అంటే 500 మైక్రాన్లు. నీలి మీటరు మీద ఒక్క అంగుళం గీత 25,400 మైక్రాన్లకు సమానం కాబట్టి 500కూ 5,000కూ తేడా కంటికి ఆనదు, దానికి ప్రత్యేకమైన మైక్రాన్ గేజ్ కావాలి. సముద్ర మట్టంలో పూర్తి శూన్యం దాదాపు 30 పాదరస అంగుళాలైతే, సుమారు 540 మీటర్ల ఎత్తునున్న హైదరాబాదులో గాలి పీడనమే తక్కువ గనుక మంచి పంపు కూడా 28 దగ్గర ఆగుతుంది. అది పంపు లోపం కాదు. పంపును వేరుచేసిన తరువాత మైక్రాన్లు కొంత పెరిగి నిలిచిపోతే లోపల తేమ ఉందని, ఆగకుండా పెరుగుతూ పోతే ఎక్కడో కారుతోందని గ్రహించాలి.

మరొక కోణం వాతావరణానిది. ఓజోన్ పొర రక్షణకు 1987లో కుదిరిన మాంట్రియల్ ఒప్పందం ప్రకారం ఆర్-22 కనుమరుగవుతోంది. దాని స్థానంలో వచ్చిన గ్యాస్‌ల వాడకాన్ని తగ్గించే 2016 నాటి కిగాలీ సవరణను భారతదేశం 2021లో ఆమోదించింది. ఆర్-32 సైతం అదే బరువున్న కార్బన్ డయాక్సైడ్ కంటే వందేళ్ల లెక్కన 675 రెట్లు భూమిని వేడెక్కిస్తుందని అంచనా, పైగా అది కొద్దిగా మండే గుణం కలది. గొట్టం బిగించిన ప్రతిసారీ, విప్పిన ప్రతిసారీ కొంత గ్యాస్ బయటికి పోతుంది. కొన్ని వందల గ్రాములతో నడిచే చిన్న ఏసీలో ఈ నష్టమే కొలతను మార్చగలదు. కాబట్టి గాలి, ఫిల్టరు, ఉష్ణోగ్రతలు, కరెంటు ముందుగా చూసి, తప్పనిసరి అయినప్పుడే గేజ్ బిగించడం మేలైన పద్ధతి.

ఏసీలో గ్యాస్ ఇంధనంలా ఖర్చయ్యేది కాదు; తగ్గిందంటే ఎక్కడో కారినట్లే, ఆ చోటు కనిపెట్టి మూయకుండా ఎక్కించిన గ్యాస్ మళ్లీ కారిపోతుంది. మరమ్మతు చేయించుకునే పాఠకులు పీడనంతో పాటు లావు గొట్టం ఉష్ణోగ్రతను కూడా రాసి ఇమ్మని అడగాలి. మొత్తం గ్యాస్ కొత్తగా నింపవలసి వస్తే, ఔట్‌డోర్ యూనిట్‌కు అంటించిన పలక మీద గ్యాస్ పేరు, దాని బరువు ముద్రించి ఉంటాయి. ఆ బరువును తూకం యంత్రం మీద సిలిండరు ఉంచి తూచి నింపమని పట్టుబట్టాలి.