సముద్రం: చూసింది తక్కువ, విన్నది ఎక్కువ

తిరువళ్లూరు జిల్లా అనగానే వీరరాఘవస్వామి కోవెల, తిరుత్తణి కొండ, పూండి జలాశయం గుర్తొస్తాయి. సముద్రం గుర్తురాదు. తిరువళ్లూరు పక్కనున్న మణవాళనగర్ వాళ్లకు సముద్రమంటే లోకల్ రైలెక్కి వెళ్లి చూసొచ్చే మెరీనాయే. నిజానికి ఇదే జిల్లాకు తూర్పు అంచున సముద్రతీరంలోనే కాట్టుపల్లి, పళవేర్కాడు ఉన్నాయి. అంతెందుకు, మణవాళనగర్ మీదుగా శ్రీపెరంబుదూరు వైపు పోతే అక్కడి పాత రాతి పొరల్లో ఆకుల ముద్రలతో పాటు అమ్మోనైట్ల అవశేషాలూ దొరికాయి. అమ్మోనైట్ అంటే చుట్టలు తిరిగిన గుల్లతో సముద్రంలో బతికి, ఎప్పుడో అంతరించిపోయిన జీవి. దాన్ని ప్రళయానికి రుజువుగా చెప్పేవాళ్లున్నారు. పది కోట్ల ఏళ్లకు పైబడిన ఆ పొరలు చెప్పేది వేరు. మన భూభాగం అంటార్కిటికా నుంచి విడివడుతున్న ఆ యుగంలో సముద్రం ఇంత లోపలికి వచ్చి, కాలక్రమంలో వెనక్కి పోయింది.

సముద్రం గురించి మనలో పాతుకుపోయిన అపోహల్లో చాలావాటికి మూలం ఒకటే: పరిశోధన అంటే వెళ్లి కళ్లతో చూడడమే అనుకోవడం.

అపోహ: సముద్రంలో 95 శాతం ఎవరికీ తెలియదు. దాని అట్టడుక్కి దిగినవాళ్లకంటే చంద్రుడి మీద నడిచినవాళ్లే ఎక్కువ.

సముద్రం అడుగు మొత్తానికీ స్థూలంగా పటం ఉంది. నీటి అడుగున ఉన్న కొండ తన ఆకర్షణతో చుట్టూ ఉన్న నీటిని లాక్కుంటుంది. దాంతో ఆ కొండకు పైన నీటిమట్టం కాస్త ఉబ్బుతుంది. ఉపగ్రహాలు ఆ ఉబ్బును కొలిచాయి. స్మిత్, శాండ్‌వెల్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు ఆ కొలతలకు ఓడలు తీసిన లోతులను జోడించి 1997లో ప్రపంచ పటం వెలువరించారు. వివరమైన పటం కావాలంటే మాత్రం ఓడ వెళ్లి సోనార్‌తో, అంటే శబ్దంతో, కొలవాలి. సీబెడ్ 2030 అనే అంతర్జాతీయ పథకం 2017లో మొదలైనప్పుడు అలా కొలిచింది 6 శాతం. 2025 జూన్ నాటికి 27.3 శాతం. ఇక మనిషి కళ్లో కెమెరానో నేరుగా చూసిన లోతు సముద్రపు అడుగు ఎంతంటే, 2025లో వెలువడిన ఒక అంచనా ప్రకారం 0.001 శాతం. ఏ అంకె చెబుతున్నామో స్పష్టం చేయకుండా 95 అనేస్తే అది వింత కబురే అవుతుంది.

చంద్రుడి మాట ఒకప్పుడు నిజం. అక్కడ నడిచింది 12 మంది. పసిఫిక్‌లో అన్నిటికంటే లోతైన ఛాలెంజర్ డీప్‌కు 1960లో పికార్డ్, వాల్ష్ దిగారు. మళ్లీ 2012లో జేమ్స్ కామెరాన్ ఒంటరిగా దిగాడు. 2019 తర్వాత రాకపోకలు పెరిగి ఆ సంఖ్య 20 దాటింది.

ఇంతకీ కళ్లతో ఎందుకు చూడలేమంటే, వెలుగు కొన్ని వందల మీటర్లలోనే నీరసించిపోతుంది, వెయ్యి మీటర్ల కింద ఎండ పొడ ఉండదు. శబ్దం అలా కాదు, నీటిలో సెకనుకు సుమారు 1,500 మీటర్లు పోతుంది. ఓడ నుంచి వదిలిన ధ్వని నాలుగు సెకన్లకు తిరిగొచ్చిందంటే అడుగు 3,000 మీటర్ల కింద ఉందన్నమాట. ఒకప్పుడు ఇదే లోతు తెలియాలంటే తాడుకు సీసపు గుండు కట్టి గంటల తరబడి దించి లాగాల్సి వచ్చేది. 1952లో ఆంధ్ర విశ్వవిద్యాలయానికి వచ్చి సముద్ర శాస్త్రానికి పునాది వేసిన అమెరికన్ శాస్త్రవేత్త లాఫాండ్, 1964లో మన తూర్పు తీరానికి ఎదురుగా ఉన్న సముద్రగర్భపు లోయల గురించి రాశాడు. వాటికి ఆంధ్ర, కృష్ణ, మహదేవన్ అని పేర్లు. మహదేవన్ అదే విశ్వవిద్యాలయంలో భూగర్భశాస్త్ర ఆచార్యుడు. మన బడి పుస్తకాల్లో ఈ లోయల ఊసు లేకపోవడం నాకు వెలితిగానే ఉంటుంది.

అపోహ: ఆకాశం నీడ పడి సముద్రం నీలంగా ఉంటుంది.

భౌతిక శాస్త్రవేత్త రేలీ అంతటి వాడే ఇలా అన్నాడు. 1921లో ఇంగ్లండ్ నుంచి నార్కుండా ఓడలో వస్తున్న సి.వి. రామన్‌కు మధ్యధరా సముద్రపు నీలం చూశాక ఆ మాట మింగుడుపడలేదు. విశాఖ తీరంలో పెరిగినవాడాయె. తన దగ్గరున్న నికోల్ పట్టకాన్ని తగిన కోణంలో పట్టి నీటి మీద నుంచి ప్రతిఫలించే వెలుగును కత్తిరించేశాడు. నీలం పోకపోగా మరింత చిక్కబడింది. ఓడ బొంబాయి రేవుకు చేరేసరికి 'నేచర్' పత్రికకు లేఖ సిద్ధం. నీటి అణువులు కాంతిని చెదరగొట్టడమే కారణమని ఆయన వాదం. అందులో నిజముంది. అయితే నీరు ఎరుపును మింగేసి నీలాన్ని మిగల్చడమే అసలు కారణమని తర్వాత తేలింది.

అపోహ: ఉపగ్రహానికి చేపలు కనిపిస్తాయి.

హైదరాబాద్‌లోని సముద్ర సమాచార సేవల కేంద్రం ఇన్‌కాయిస్ మత్స్యకారులకు చేపలు దొరకగల చోట్లు చెబుతుంది కాబట్టి పుట్టిన అపోహ ఇది. ఉపగ్రహం చూసేది నీటి పైపొర వేడినీ, నాచు వల్ల వచ్చే పచ్చదనాన్నీ. చల్లటి నీరు, వెచ్చటి నీరు కలిసే చోట మేత పెరుగుతుంది, మేతకు చేపలు చేరతాయి. మిగతాది ఊహ. మబ్బు కమ్మితే ఆ వేడి కొలతా అందదు. నీటి రంగు చూసి వల వేయడం పళవేర్కాడు వాళ్లకు కొత్తేమీ కాదు.

అపోహ: సునామీ నడిసముద్రంలోనే తాటిచెట్టంత ఎత్తున లేస్తుంది.

2004 డిసెంబరు 26న భూకంపం వచ్చిన రెండు గంటలకు జేసన్-1 ఉపగ్రహం బంగాళాఖాతం మీదుగా పోతూ కొలిచిన అల ఎత్తు 60 సెంటీమీటర్ల చిల్లర. గంటకు ఆరేడు వందల కిలోమీటర్ల వేగం మాత్రం ఉంది. లోతు తగ్గే కొద్దీ వేగం తగ్గి ఎత్తు పెరుగుతుంది. భూకంపానికీ చెన్నై తీరాన్ని అల తాకడానికీ మధ్య రెండు గంటలకు పైనే వ్యవధి ఉన్నా చెప్పే వ్యవస్థ లేకపోయింది. 2007లో అదే ఇన్‌కాయిస్‌లో హెచ్చరిక కేంద్రం వచ్చింది. సముద్రం లేని ఊళ్లో సముద్రపు కాపలా ఏమిటని నవ్వుకోనక్కర్లేదు. భూకంప మాపకాలూ, సముద్రం అడుగున పెట్టిన పీడన మాపకాలూ పంపే సంకేతాలు అందితే చాలు, కాపలాదారుకు కిటికీలోంచి అలలు కనపడనక్కర్లేదు.

అపోహ: మనుషుల్ని సముద్రగర్భంలోకి దించడానికి మనవాళ్లు చేస్తున్న వాహనం 'మత్స్య-6000' ఇప్పటికే ఆరువేల మీటర్లు దిగొచ్చింది.

2025 జనవరి చివర్లో, ఫిబ్రవరిలో దాన్ని దించింది మన కాట్టుపల్లి రేవు నీళ్లలోనే. పళ్లికరణైలోని జాతీయ సముద్ర సాంకేతిక సంస్థ ముందు రేవులో, తర్వాత 500 మీటర్ల దగ్గర, ఆపైనే 6,000 అని మెట్లు పెట్టుకుంది. 2025 ఆగస్టులో ఇద్దరు భారతీయులు వేల మీటర్లు దిగిన మాట నిజమే, ఒకరు 5,002 మీటర్ల దాకా వెళ్లారు. అయితే వాళ్లు దిగింది అట్లాంటిక్‌లో, ఫ్రెంచివాళ్ల వాహనం 'నాటీల్'లో. మత్స్యలో ముగ్గురు కూర్చునే గోళం వ్యాసం 2.1 మీటర్లు. ఆరువేల మీటర్ల దగ్గర పీడనం పైన ఉన్నదానికి దాదాపు 600 రెట్లు కాబట్టి ఆ లోతుకు 80 మిల్లీమీటర్ల మందం టైటానియం మిశ్రలోహం కావాలి. రేడియో తరంగాలు ఉప్పునీటిలో ఎంతో దూరం పోవు, పైనున్న ఓడతో మాట్లాడాలన్నా శబ్దమే దిక్కు. కాట్టుపల్లిలో రేవు లోతు చాలక ఆ మాటలు అనుకున్నంత బాగా వినపడలేదు. లోతైన చోట మళ్లీ పరీక్షించాలని నిర్ణయించారు.