దావా కాగితం మీద రెండు సంతకాలు

ఒకటి కక్షిదారుది, రెండోది వకీలుది. సివిల్ కేసు తెమలడం లేదని కోర్టును ఆడిపోసుకునే ముందు ఆ ఇద్దరూ చేయాల్సిన పని ఎంత చేశారో అడగాలి. కర్నూలు జిల్లా గోనెగండ్ల పొలం గట్ల నుంచి ఎమ్మిగనూరు, ఆదోని కోర్టుల దాకా సాగే తగాదాల మీద కథనం.

సివిల్ దావాలో ఎవరూ చదవని పేజీ చివరిది. పైన రాసిందంతా నాకు తెలిసినంత వరకు నిజమని, ఫలానా తేదీన ఫలానా ఊళ్లో సంతకం చేశానని వాది చెప్పుకునే నాలుగు ముక్కలు అక్కడ ఉంటాయి. వెరిఫికేషన్ అంటారు. హెచ్.కైరవాడి నుంచో కులుమాల నుంచో పొద్దున్నే బస్సెక్కి వచ్చిన రైతు, గుమాస్తా పెన్సిల్‌తో ఇంటూ గుర్తు పెట్టిన చోటల్లా సంతకం పెడతాడు. చదువు రాకపోతే వేలిముద్ర వేస్తాడు. దావా సాధారణంగా ఇంగ్లిషులో ఉంటుంది. "ఏం రాసినారు సార్?" అని అడిగేవాళ్లు తక్కువ. అడిగినా "అంతా రాసినాంలేప్పా, నువ్వు సంతకం పెట్టు" అన్న జవాబుతో మాట అక్కడికి ఆగిపోతుంది.

ఆ సంతకం చిన్నదేమీ కాదు. 2002 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన సవరణల ప్రకారం దావాతో పాటు, అందులోని సంగతులన్నీ నిజమేనని ప్రమాణపత్రం కూడా దాఖలు చేయాలి. కోర్టు విచారణలో తెలిసి తెలిసి అబద్ధపు సాక్ష్యం ఇచ్చినట్టు రుజువైతే భారతీయ న్యాయ సంహిత 229వ సెక్షన్ కింద ఏడేళ్ల దాకా జైలుశిక్ష పడొచ్చు. తాను దేనికి ప్రమాణం చేశాడో తెలియకుండానే రైతు మధ్యాహ్నం బస్సుకు ఊరికి తిరిగిపోతాడు.

మొదటి రోజు దాచిన మాట

గోనెగండ్ల వైపు నుంచి కోర్టుకెక్కే తగాదాలు ఎక్కువగా నేల చుట్టూనే తిరుగుతాయి. అన్నదమ్ముల భాగపంపకాలు, గట్టు జరిపారన్న పేచీలు, అగ్రిమెంటు రాసి రిజిస్ట్రేషన్ చేయని అమ్మకాలు, పత్తి పెట్టుబడికి రాసిచ్చిన ప్రోనోట్లు. గాజులదిన్నె ప్రాజెక్టు నీళ్లు పారే పొలానికీ వాన మీద బతికే పొలానికీ ధరలో తేడా ఉంటుంది కాబట్టి పంపకంలో ఏ ముక్క ఎవరికన్నదే పెద్ద రగడ.

వకీలు దగ్గరికి వచ్చే కక్షిదారు చేతిలో సాధారణంగా పట్టాదారు పాసుపుస్తకం, 1బీ, అడంగల్ ఉంటాయి. అవి ఉంటే పొలం తనదేనని అతని ధీమా. రెవెన్యూ రికార్డు హక్కుకు ఒక ఆధారమే గానీ దానితోనే హక్కు పుట్టదు. పొలం తాతకు ఎలా వచ్చింది, తండ్రికి ఎలా దిగింది, మధ్యలో ఎవరైనా అమ్మారా, తాకట్టు పెట్టారా అన్నది లింకు దస్తావేజులు, ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) చెప్పాలి. వాటిని తెచ్చివ్వడం కక్షిదారు పని. తెచ్చేదాకా దావా కట్టకుండా ఆగడం వకీలు పని. వాది తాను నమ్ముకున్న పత్రాలను దావాతో పాటే దాఖలు చేయాలని సివిల్ ప్రొసీజర్ కోడ్ ఏడో ఆర్డర్ చెబుతోంది. తర్వాత తెస్తామంటే కోర్టు అనుమతి తీసుకోవాలి.

తీసుకురాని కాగితం కంటే చెప్పని మాట ఎక్కువ చేటు. భాగపంపకం దావానే చూడండి. ఇద్దరన్నదమ్ములు కొట్లాడుకుంటారు, పెళ్లై వెళ్లిన చెల్లెలి పేరు ఏ పేరాలోనూ ఉండదు. "ఆయమ్మకు కట్నమిచ్చి పంపినాం కదా" అన్నదే ఇద్దరి లెక్క. ఉమ్మడి ఆస్తిలో కూతురికి వాటా ఇస్తూ ఆంధ్రప్రదేశ్ 1985 సెప్టెంబరు 5 నుంచే వర్తించే చట్టం తెచ్చింది. 2005లో కేంద్ర సవరణతో ఆ హక్కు దేశమంతటా వచ్చింది. తండ్రి అప్పటికి బతికున్నాడా లేదా అన్నదానితో పని లేదని 2020 ఆగస్టులో సుప్రీంకోర్టు తేల్చింది. అయినా చెల్లెలు లేని దావాలు పడుతూనే ఉన్నాయి. కేసు సగంలో ఆమె వచ్చి నన్ను చేర్చండి అంటే దావా సవరించాలి, కొత్త జవాబు రావాలి, విచారణ వెనక్కి నడవాలి. "మీకు అక్కచెల్లెళ్లు ఎంతమందప్పా?" అని వకీలు మొదటి రోజు అడిగితే ఇదంతా తప్పుతుంది.

కావాలని దాస్తే కథ వేరు. ఎస్.పి. చెంగల్వరాయ నాయుడు కేసులో వాది తన హక్కు వదులుకుంటూ అప్పటికే రాసిచ్చిన రిలీజు డీడును దాచి డిక్రీ పొందాడు. కీలకమైన పత్రాన్ని దాచి లాభపడటం కోర్టును మోసగించడమేనని, అలా వచ్చిన డిక్రీ చెల్లదని 1993లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. అబద్ధం మీద కేసు కట్టినవాణ్ని ఏ దశలోనైనా బయటికి పంపొచ్చని కూడా చెప్పింది.

చవక దావా, ముప్పయ్యేళ్ల ఖరీదు

ఈ ప్రాంతపు కోర్టుల్లో తరచూ వినిపించే దావా ఇంజక్షన్ దావా. నా స్వాధీనంలో ఉన్న పొలంలోకి అతను రాకుండా ఆపండి అన్నది దాని సారాంశం. హక్కు తేల్చమని డిక్లరేషన్ అడిగితే ఆస్తి విలువను బట్టి కోర్టు ఫీజు కట్టాలి. ఉత్త ఇంజక్షన్‌కు అంత అక్కర్లేదు. నాలుగు రాళ్లు మిగులుతాయని కక్షిదారు, తొందరగా స్టే వస్తుందని వకీలు అటే మొగ్గుతారు.

ఆ మొగ్గుకు వరంగల్ ఇచ్చిన పాఠం తెలుగునాట మున్సిఫ్ కోర్టు వకీళ్లందరికీ కంఠతా వచ్చు. అనాథుల సుధాకర్ కేసు అంటారు. మట్వాడలోని రెండు ఇంటిస్థలాల మీద 1978లో ఇంజక్షన్ దావా పడింది. ప్రతివాది కూడా వేరే రిజిస్టర్ దస్తావేజు చూపించి స్థలం తనదన్నాడు. అంటే అసలు గొడవ హక్కు గురించి. దావాలో మాత్రం హక్కు తేల్చమన్న కోరిక లేదు. కింది కోర్టులో వాదులు గెలిచారు, అప్పీలులో ఓడారు, హైకోర్టులో మళ్లీ గెలిచారు. చివరికి 2008 మార్చి 25న సుప్రీంకోర్టు ఆ దావాను కొట్టేసింది. హక్కు మీద నీడ పడ్డప్పుడు డిక్లరేషన్ అడగాలని, దావాలో రాయని సంగతి మీద ఎంత సాక్ష్యం వచ్చినా తీర్పు ఇవ్వలేమని స్పష్టం చేసింది. కావాలంటే హక్కు కోసం వేరే దావా వేసుకోవచ్చంది. ముప్పయ్యేళ్లు నడిచిన కేసు, బయల్దేరిన చోటికే వచ్చి నిలిచింది.

వకీలుకున్న కట్టుబాట్లు

అడ్వొకేట్స్ చట్టం 1961 కింద బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా పెట్టిన నియమాలు వకీలు నడతను విడమరచి చెబుతాయి. కక్షిదారు ఏది చెప్పమంటే అది చెప్పే చిలక కాకూడదు. అడ్డదారి తొక్కమనే కక్షిదారును వారించాలి, వినకపోతే కేసు వదులుకోవాలి. గెలిస్తే ఎకరాలో ఇంత వాటా అన్న ఒప్పందం కూడదు. తాను నడిపిన కేసులో వేలానికి వచ్చిన ఆస్తిని తాను కొనకూడదు. కక్షిదారు ఇచ్చిన డబ్బుకు లెక్క రాసి, అడిగితే నకలు ఇవ్వాలి. తగిన కారణం, ముందస్తు నోటీసు లేకుండా మధ్యలో తప్పుకోకూడదు. తప్పుకుంటే చేయని పనికి తీసుకున్న ఫీజు తిరిగివ్వాలి.

ఫీజు బాకీ ఉందని ఫైలు బీరువాలో పెట్టి తాళం వేయడం కూడా చెల్లదు. కక్షిదారు కాగితాల మీద వకీలుకు అలాంటి హక్కు లేదని ఆర్.డి. సక్సేనా కేసులో 2000లో సుప్రీంకోర్టు చెప్పింది. ఫీజు కోసం వేరే దారి చూసుకోవాలి, కాగితాలు మాత్రం ఇచ్చేయాలి.

వకీలు సరిగా చేయలేదని వినియోగదారుల ఫోరానికి వెళ్లే దారి 2024 మే 14న మూసుకుపోయింది. న్యాయవాద వృత్తి వినియోగదారుల రక్షణ చట్టం కిందికి రాదని సుప్రీంకోర్టు తీర్పు. వృత్తి దుష్ప్రవర్తన ఉంటే రాష్ట్ర బార్ కౌన్సిల్‌కు ఫిర్యాదు చేయొచ్చు. ఆ తీర్పుకు కోర్టు చూపిన కారణాల్లో ఒకటి మన రైతు గుర్తుంచుకోవాల్సింది. వకీలు కక్షిదారు ఆదేశాలకు లోబడి పనిచేస్తాడు, పగ్గాలు కక్షిదారు చేతిలోనే ఉంటాయి. కాబట్టి వకాల్తా మీద సంతకం పెట్టి "ఇంగ నువ్వే చూసుకో సార్" అని చేతులు దులుపుకునే వీలు లేదు.

వాయిదా ఎవరి ఖాతాలో రాయాలి?

జడ్జీల కొరత, కుప్పపడ్డ కేసులు, ఊళ్లు తిరిగి సమన్లు అందించడంలో ఆలస్యం నిజమే. అది వ్యవస్థ లెక్క. మిగతా లెక్క కూడా తీయాలి.

సమన్లు అందిన ప్రతివాది 30 రోజుల్లో, కారణముంటే 90 రోజుల్లో జవాబు దావా వేయాలి. ఒక పార్టీకి విచారణ దశలో మూడు వాయిదాలకు మించి ఇవ్వకూడదని 17వ ఆర్డర్. వకీలు వేరే కోర్టులో ఉన్నారన్నది వాయిదాకు కారణం కాదని కూడా అందులోనే ఉంది. ఎమ్మిగనూరులో కేసు పిలిచేసరికి "సార్ ఆదోనిలో ఉన్నారు" అని జూనియర్ లేచి చెప్పడం ఎన్నిసార్లు విన్నామో! అవతలివాళ్లను కాలయాపనతో తిప్పినవాళ్ల మీద ఖర్చులు వేసే అధికారం 35బీ సెక్షన్ కోర్టుకు ఇచ్చింది. ఆ అధికారం గట్టిగా వాడితే సగం సాకులు ఇంటి దగ్గరే ఆగిపోతాయి.

బహిష్కరణల మాట కూడా చెప్పుకోవాలి. కోర్టు పని మానేసి సమ్మె చేసే హక్కు న్యాయవాదులకు లేదని హరీశ్ ఉప్పల్ కేసులో 2002లోనే తీర్పు వచ్చింది. భూ తగాదాలను సివిల్ కోర్టుల పరిధి నుంచి తప్పించే ల్యాండ్ టైట్లింగ్ చట్టం మీద రాష్ట్రమంతా న్యాయవాదులు ఆందోళనకు దిగారు. 2024లో ఆ చట్టం రద్దయింది. రైతుకు కోర్టు గడప మిగలాలన్న వాళ్ల వాదనలో బలముంది. ఆ గడప దగ్గర రైతు ఎన్నేళ్లు నిలబడాలన్న ప్రశ్నకు జవాబు చెప్పే బాధ్యత కూడా అందుకే వాళ్ల మీద ఉంది.

కక్షిదారు పద్దులోనూ తక్కువేం లేదు. బత్తా కట్టక సమన్లు పోకపోతే దావా కొట్టేయొచ్చు. విత్తనాల పనని, నీలకంఠేశ్వరుని జాతరని క్రాస్ ఎగ్జామినేషన్‌కు రాకపోతే చీఫ్ ఎగ్జామినేషన్‌లో చెప్పిన సాక్ష్యం నిలబడదు. ఎక్స్‌పార్టీ డిక్రీ అయితే రద్దు కోసం 30 రోజుల్లో పిటిషన్ వేయాలి. పార్టీ చనిపోతే వారసులను 90 రోజుల్లో రికార్డు మీదికి తేవాలి, లేకుంటే వాళ్ల మేరకు దావా ఆగిపోతుంది. తన కక్షిదారు చనిపోయిన సంగతి తెలియగానే కోర్టుకు చెప్పడం వకీలు విధి అని 22వ ఆర్డర్ 10ఏ రూలు. ఆ కబురు వకీలుకు చేరవేయాల్సింది ఇంటివాళ్లు.

స్టే చేతికొచ్చాక

ఎదుటివాళ్లను వినకుండా ఇచ్చే స్టే ఊళ్లో మీసం మెలేయడానికి కాదు. అది తెచ్చుకున్నవాడు దావా నకలు, పత్రాలు వెంటనే ఎదుటివారికి అందజేసి గానీ పోస్టులో పంపి గానీ, ఆ మేరకు ఆ రోజో మర్నాడో ప్రమాణపత్రం వేయాలి. కోర్టు ఆ పిటిషన్‌ను 30 రోజుల్లో తేల్చే ప్రయత్నం చేయాలి. స్టేను ధిక్కరించి గట్టు తవ్వితే ఆస్తి జప్తుతో పాటు మూడు నెలల దాకా సివిల్ జైలు. కేసు నడుస్తుండగా పొలం అమ్మితే కొన్నవాడు ఆ కేసు ఫలితానికి కట్టుబడాల్సిందే.

వకీలు దగ్గరికి వెళ్లే ముందు

• లింకు దస్తావేజులు, ఈసీ, పాత కోర్టు కాగితాలు అన్నీ సర్దుకోండి. మీకు వ్యతిరేకంగా ఉన్న కాగితం ముందు చూపించండి.

• సంతకానికి ముందు దావాను తెలుగులో చదివించుకోండి. ఒక నకలు ఇంట్లో ఉంచుకోండి.

• కట్టిన ప్రతి రూపాయికీ రసీదు అడగండి.

• కేసు నంబరు రాసుకోండి. ఈ-కోర్ట్స్ యాప్‌లో వాయిదా తేదీ మీకే తెలుస్తుంది.

• మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు, తక్కువ ఆదాయం ఉన్నవారికి ఉచిత న్యాయ సహాయం ఉంది. ఫోన్: 15100.

• రాజీ కుదిరే చోట లోక్ అదాలత్‌కు వెళ్లండి. కట్టిన కోర్టు ఫీజు తిరిగొస్తుంది, అవార్డు మీద అప్పీలు ఉండదు. నిబంధనలు అర్థమయ్యాకే సంతకం పెట్టండి.

పై కోర్టు చూసేది కింది కాగితమే

రాయలసీమకు హైకోర్టు కావాలన్న మాట 1937 శ్రీబాగ్ ఒడంబడిక నాటిది. 1954లో గుంటూరు, 1956లో హైదరాబాదు, 2019లో అమరావతి అంటూ హైకోర్టు ఊళ్లు మారింది. కర్నూలులో బెంచి కోసం 2024 నవంబరులో శాసనసభ తీర్మానం చేసింది. అది వస్తే గోనెగండ్ల రైతుకు దారి ఖర్చులు తగ్గుతాయి, రావాల్సిందే. కానీ అప్పీలులో కొత్త సాక్ష్యానికి చోటు బహు తక్కువ. పై కోర్టు, కింది కోర్టులో ఏం రాశారు, ఏ పత్రం పెట్టారు, క్రాస్‌లో ఏం చెప్పారు అన్నదే చూస్తుంది. ఆ రికార్డు ఎమ్మిగనూరులోనో ఆదోనిలోనో, ఒక వకీలు బల్ల ముందు, ఒక రైతు నోటి మాటతో మొదలవుతుంది. వకీలు అడగని ప్రశ్నకు, కక్షిదారు చెప్పని జవాబుకు ఏ బెంచి దగ్గరా అప్పీలు లేదు.