అరుంధతి: భయపెట్టింది పశుపతి ఒక్కడేనా? తెర వెనుక కత్తెర పట్టిన మార్తాండ్ కె.వెంకటేష్ గురించి తెలుసా?

'అరుంధతి' అనగానే ఏం గుర్తొస్తుంది? జేజమ్మగా అనుష్క, పశుపతిగా సోనూసూద్, 'బొమ్మాళీ' అంటూ వచ్చే ఆ పిలుపు.. అంతేగా! మరి ఎడిటర్ ఎవరు అని అడిగితే చాలామంది తడుముకుంటారు. ఆయనే మార్తాండ్ కె.వెంకటేష్.

ఈ సినిమాకీ నెల్లూరుకీ ఓ లింకుంది. నిర్మాత శ్యామ్ ప్రసాద్ రెడ్డి తండ్రి, కవి, నిర్మాత మల్లెమాల (ఎం.ఎస్.రెడ్డి) మన జిల్లా వారే. ఇప్పుడు ఫోన్లో మీరు చూసే జబర్దస్త్, ఢీ షోలు ఆ మల్లెమాల పేరుతో ఉన్న సంస్థవే. దర్శకుడు కోడి రామకృష్ణతో శ్యామ్ ప్రసాద్ రెడ్డి 1995లో 'అమ్మోరు', 2004లో 'అంజి' తీశారు. ఏళ్ల తరబడి తీసిన అంజికి గ్రాఫిక్స్‌లో జాతీయ అవార్డు వచ్చింది కానీ, బాక్సాఫీస్ దగ్గర దెబ్బ తగిలింది. అయినా అదే జోడీ మళ్లీ భారీ గ్రాఫిక్స్ సినిమాతోనే 2009 జనవరి 16న థియేటర్లకు వచ్చింది. అంటే ఈసారి తేడా కొడితే ఇక అంతే అన్న పరిస్థితి.

అలాంటి సినిమా మార్తాండ్ టేబుల్ మీదకు వచ్చింది. ఆయనది ఎడిటింగ్ కుటుంబమే, తండ్రి కె.ఎ.మార్తాండ్ కూడా ఎడిటరే. తొలిప్రేమ, ఆర్య, పోకిరి, బొమ్మరిల్లు, హ్యాపీడేస్.. ఈ లిస్టు చూసి దెయ్యాల సినిమాల స్పెషలిస్ట్ అని ఎవరూ అనరు. మన దగ్గర ఎడిటర్ అంటే అన్నీ చేయాల్సిందే.

ఇటలీలో మాత్రం కొంచెం వేరు. 1970ల్లో అక్కడ హారర్ ఒక ఇండస్ట్రీలా నడిచింది. డైరెక్టర్ దారియో అర్జెంటో తీసిన డీప్ రెడ్ (1975), సస్పీరియా (1977) రెండిటికీ ఎడిటర్ ఫ్రాంకో ఫ్రాటిచెల్లినే. లూసియో ఫుల్చి హారర్ సినిమాలకు విన్సెంజో తొమాస్సీ అలాగే. వాళ్లకంటే ముందు మారియో సెరాంద్రెయి ఉన్నారు. 1960లో 'బ్లాక్ సండే' అనే మంత్రగత్తె సినిమా కట్ చేసిన ఆయనే, 'ది లెపర్డ్' లాంటి క్లాసిక్‌నీ ఎడిట్ చేశారు. మన మార్తాండ్ ఈయన బాపతు అన్నమాట.

ఇంతకీ ఎడిటర్ భయపెట్టేది ఎలా? సినిమాలో సెకనుకు 24 ఫ్రేములు. హీరోయిన్ చీకటి గదిలో దేన్నో చూసి ఆగిపోయింది అనుకుందాం. ఆమె ఏం చూసిందో వెంటనే చూపిస్తే ఉలిక్కిపడతాం, అంతే. అదే ఆమె ముఖం మీదే ఇంకో 12 ఫ్రేములు, అంటే అరసెకను ఎక్కువ ఆగితే? ఆ అరసెకనులో దెయ్యాన్ని మనమే ఊహించేసుకుంటాం. మరీ ఎక్కువ ఆగారో, థియేటర్లో ఎవడో ఒకడు జోకేస్తాడు. భయం కాస్తా కామెడీ అయిపోతుంది!

అరుంధతిలో ఇంకో చిక్కు కూడా ఉంది. జేజమ్మ, అరుంధతి ఇద్దరూ అనుష్కే. కథ చూస్తే పాతకాలానికీ ఇప్పటికీ మధ్య తిరుగుతుంటుంది. ఏ అనుష్క ఏ కాలంలో ఉందో ప్రేక్షకుడు ఒక్క క్షణం తికమకపడ్డా టెన్షన్ పోయినట్టే. పైగా పశుపతి ముఖం సోనూసూద్‌ది, గొంతు పి.రవిశంకర్‌ది. వేర్వేరుగా తయారైన ఆ రెండూ తెర మీద ఒకే మనిషిలా కనిపించాలి. ఆ గొంతు ఎక్కడ ఆగాలి, ఎవరి ముఖం మీద వినిపించాలి అన్నది కూడా కటింగ్‌లో తేలాల్సిందే.

2008 నంది అవార్డుల్లో ఉత్తమ ఎడిటర్‌గా మార్తాండ్‌కు ఈ సినిమాకే అవార్డు దక్కింది. అనుష్క, సోనూసూద్‌ల అవార్డుల హడావుడిలో అది పెద్దగా చర్చకు రాలేదు, అది వేరే సంగతి.

ఈసారి యూట్యూబ్‌లో అరుంధతి క్లిప్ కనిపిస్తే ఓ పని చేయండి. జేజమ్మ డప్పుల డ్యాన్స్ సీన్ పెట్టి, సౌండ్ పూర్తిగా తీసేయండి. షాట్ మారిన ప్రతిసారీ వేలితో టేబుల్ మీద కొట్టండి. కోటి మ్యూజిక్ లేకపోయినా మీ వేలికి ఓ తాళం దొరుకుతుంది. ఆ తాళం మార్తాండ్‌ది.